అర సెకను ముందు వచ్చిన నవ్వు

ముందే చెప్పేస్తున్నాను. దయ్యాలంటే నాకు నమ్మకం లేదు, భయం అంతకన్నా లేదు. ఉండే వీలు కూడా లేదు. మా నాన్న తణుకులో హైస్కూల్ ఫిజిక్స్ మాస్టారు. చిన్నప్పుడు కరెంటు పోయి నేను ఏడిస్తే ఎత్తుకునేవారు కాదు, టార్చిలైటు వెలిగించి గోడ మీద నీడ ఎలా పడుతుందో పాఠం చెప్పేవారు. ఇక నేను చేసే పనేమో దయ్యం సినిమాలకి ట్రైలర్లు కోయడం, అదే ఎడిటింగ్. జుట్టు విరబోసుకున్న దయ్యం షాటుకీ షాటుకీ మధ్య మిరపకాయ బజ్జీ తినడం, పెదవి మీద రంగు చీర మీద కారిందని కాస్ట్యూమ్ అతను దాన్ని చెడామడా తిట్టడం, అన్నీ కళ్ళారా చూసినదాన్ని. ఇంక భయమేమిటి నా మొహం!

అయినా ఒక్క సంగతి ఉంది. నోటితో చాలామందికి చెప్పాను, రాయడం ఇదే మొదలు. భయపెట్టే సంగతి కాదు. తలుచుకుంటే ఇప్పటికీ నాకు నవ్వే వస్తుంది. లెక్క మాత్రం తేలదు.

అప్పటికి అమీర్‌పేటలో మెట్రో స్తంభాలు లేస్తున్నాయి. సగం రోడ్డు రేకుల వెనక ఉండేది, మిగతా సగంలో ఆటోలూ బస్సులూ కరపత్రాలు పంచే కోచింగ్ సెంటర్ల వాళ్ళూ ఉండేవారు. మా బీఎస్సీ క్లాసులో సగం మంది ఎక్కినట్టే నేనూ హైదరాబాదు బస్సెక్కి, సాఫ్ట్‌వేర్ టెస్టింగ్ కోర్సులో చేరి, విజయా ఆంటీ నడిపే లేడీస్ హాస్టల్లో దిగాను. మూడో నెలలో మా రూమ్మేట్ పుట్టినరోజుకి ఫోటోలూ వీడియోలూ అతికించి రెండు నిమిషాల సినిమా ఒకటి చేశాను. అది వాళ్ళన్నయ్య చూశాడు. ఆయన ఫ్రెండు యాదగిరి అన్న చూశాడు.

యాదగిరి అన్నది జనగామ. పంజాగుట్టలో ఒక నగల దుకాణం వెనక సందులో, మూడో అంతస్తులో, ఆయనకి ఎడిటింగ్ గది ఉంది. సినిమాలు మొత్తం చేయడు, ఒట్టి ట్రైలర్లే, అవీ ఎక్కువగా కామెడీలవి. "రేపటి సంది రా చెల్లె" అన్నాడు. వెళ్ళాను. ఆ తర్వాత టెస్టింగ్ క్లాసు ముఖం చూడలేదు.

ఇంట్లో చెప్పకుండా రెండు నెలలు నెట్టుకొచ్చాను. ఇక కడుపులో దాచుకోలేక ఒకరోజు నాన్నకి ఫోన్లో కక్కేశాను. తిడతారనుకున్నాను. తిట్టలేదు, ప్రశ్న వేశారు.

"జనాన్ని నవ్వించడం ఒక ఉద్యోగమా?" అన్నారు.

"ఉద్యోగమే నాన్నా."

"సరే. నువ్వు సొంతంగా చేసిన మొదటి ట్రైలరు నాకు చూపించు. నాకు నవ్వొస్తే అక్కడే ఉండు. రాకపోతే సామాను సర్దుకుని వచ్చేయ్, బీఈడీలో చేరుదువు గాని."

వినడానికి న్యాయంగానే ఉంది కదా. మా నాన్న సంగతి తెలిస్తే అలా అనరు. ఆయన పైకి నవ్వగా మా ఇంట్లో ఎవరూ చూడలేదు. మా చిన్నాన్న పెళ్ళిలో పురోహితుడు పీట విరిగి వెల్లకిలా పడితే పందిరంతా విరగబడి నవ్వింది. నాన్న ఒక్కరే లేచి వెళ్ళి, విరిగిన పీట కాలు తిరగేసి చూశారు. ఆ మనిషిని నేను నవ్వించాలి. ఫోన్ పెట్టేశాక నాకు నిజంగా ఏడుపొచ్చింది.

ఆ తర్వాత నెలకే అవకాశం వచ్చింది. యాదగిరి అన్న చేతికి పెద్ద హీరో సినిమా తగలడంతో, ఒప్పుకున్న చిన్న సినిమా నాకు అప్పగించాడు. "గీ దయ్యం నీది చెల్లె. పది రోజులున్నయి. ఫికర్ చెయ్యకు" అన్నాడు. ఫికర్ చెయ్యకు అని ఎవరైనా అంటే అప్పుడే కదా మొదలయ్యేది.

కథ ఇదీ. నలుగురు బ్రహ్మచారులు అద్దెకి దిగిన ఫ్లాట్‌లో ఒక దయ్యం ఉంటుంది. బతికున్నప్పుడు మహా శుభ్రం మనిషి. వీళ్ళ వంటిల్లు చూసి తట్టుకోలేక బయటికొస్తుంది. ట్రైలర్‌కి ప్రాణం ఒక్క సీను. చీకటి వంటిల్లు, కుళాయి బొట్టుబొట్టుగా కారుతుంటుంది, సింకు నిండా అంటు గిన్నెలు. మంచినీళ్ళకి వచ్చిన కుర్రాడు చూస్తుండగా గిన్నెల మధ్య నుంచి పొడుగాటి గోళ్ళతో ఒక చెయ్యి లేస్తుంది. ఆ చేతిలో గిన్నెలు తోమే పీచు ఉంటుంది. అప్పుడు దయ్యం గొంతు, "సబ్బెక్కడ పెట్టార్రా?" అంటుంది.

చదువుతుంటే మీకు నవ్వొచ్చింది కదా. తెర మీద రాలేదు. నా మొదటి కూర్పు చూస్తూ దర్శకుడూ నిర్మాతా పరామర్శకి వచ్చినట్టు కూర్చున్నారు. అయిపోయాక నిర్మాత మంచినీళ్ళు తాగి, "వారం చూద్దామమ్మా, లేకపోతే వేరేవాళ్ళకి ఇద్దాం" అని లేచారు.

యాదగిరి అన్న కోప్పడలేదు. దయ్యం కామెడీ ట్రైలర్ గురించి ఆయన చెప్పే మాట ఒకటుంది. "భయం నిజంగ ఉండాలె, నవ్వు సుత నిజంగ ఉండాలె. భయాన్ని ఎక్కిరిస్తే నవ్వు రాదు. భయపడ్డోడు ఊపిరి ఇడిసేటప్పుడు వస్తది నవ్వు." అది ఎక్కడ వస్తుందో మనకి తెలియదు కాబట్టి జనాన్ని అడగాలి. నోటితో అడిగితే మొహమాటానికి బాగుందంటారు. అందుకని ఆయన నవ్వుల పరీక్ష పెట్టేవాడు. సినిమా వాసన లేని మనుషుల్ని పోగేసి, పట్టపగలు ట్రైలర్ చూపించి, వాళ్ళ చప్పుడు ఫోన్లో రికార్డు చేయాలి. తర్వాత ఆ రికార్డింగుని కంప్యూటర్లో ట్రైలర్ కింద పరిచి, ఏ ఫ్రేము దగ్గర ఎంత నవ్వు పడిందో చూసుకుని కోయాలి. ఫోను జారిపోకుండా స్టీలు గ్లాసులో నిలబెట్టడం కూడా ఆయన నేర్పిందే.

గ్లాసు హాస్టల్ నుంచి తీసుకున్నాను. మా భోజనాల గదిలో గ్లాసుల మీద హాస్టల్ పేరు ఉండేది కాదు. విజయా ఆంటీ వాళ్ళకి పెళ్ళిళ్ళలో, గృహప్రవేశాల్లో, దినాల్లో పంచిపెట్టినవన్నీ అక్కడికే చేరేవి. ఎవరి ఓణీల ఫంక్షన్ గ్లాసులోనో ఒకరు, ఎవరి షష్టిపూర్తి గ్లాసులోనో ఒకరు మజ్జిగ తాగేవాళ్ళం. మీద చెక్కిన పేర్లు చదివే ఓపిక ఎవరికుంటుంది? పొడుగ్గా ఉందని ఒకటి తీసి సంచిలో పడేసుకున్నాను.

మొదటి పరీక్ష ఆదివారం మధ్యాహ్నం, హాస్టల్లోనే. పప్పూ అప్పడాలూ అయ్యాక పదిహేడు మంది అమ్మాయిల్ని లాప్‌టాప్ ముందు కూర్చోబెట్టాను. సబ్బు దగ్గర ఏదో నవ్వామంటే నవ్వాం అన్నట్టు నవ్వారు. నా కళ్ళు తెర మీద లేవు, వాళ్ళ ముఖాల మీదే ఉన్నాయి. ఒకమ్మాయి అప్పడం ముక్క కోసం వెతుక్కుంటోంది.

మర్నాడు పంజాగుట్టలో ఆ రికార్డింగు విన్నాను. సబ్బు మాట ఇంకా రాలేదు, చెయ్యి అప్పుడే లేస్తోంది. సరిగ్గా అక్కడ ఒక ఆడమనిషి నవ్వు. అబ్బ, ఏం నవ్వు! కడుపులోంచి గలగలా పొంగి, ఊపిరందక రెండు ఎక్కిళ్ళు వచ్చి, ఆ ఎక్కిళ్ళకి మళ్ళీ నవ్వొచ్చినట్టు ఒక చిన్న నవ్వు. పదిహేడు మంది గుసగుసల మీద అదొక్కటే పెద్దగా, ఎదురుగా కూర్చుని నవ్వినట్టుంది. ఆ గదిలో అలాంటి నవ్వు నేను వినలేదు. వింటే మరిచిపోయేది కాదు.

విజయా ఆంటీ అనుకున్నాను. ఆవిడ ఆ రోజు పెళ్ళికని విజయవాడ వెళ్ళింది. వంటామె అన్నం వార్చి పదకొండుకే వెళ్ళిపోయింది. సాయంత్రం అమ్మాయిలందరినీ వరసగా నిలబెట్టి నవ్వించాను. నవ్వు రాక ఒకమ్మాయి ఏడ్చేసింది పాపం. ఎవరి నవ్వూ అది కాదు.

రెండో పరీక్ష మంగళవారం, మా సందు చివర జిరాక్స్ షాపులో. కోర్సు మెటీరియల్ కోసం నిలబడ్డ కుర్రాళ్ళు పదకొండు మంది, షాపు ఓనరు ఒకాయన. నేను తప్ప ఆడపురుగు లేదు. నేను నవ్వలేదు, నా బాధ నాది. గదికొచ్చి రికార్డింగు పెడితే అదే నవ్వు, అవే రెండు ఎక్కిళ్ళు. అదే చోట. జోకుకి సరిగ్గా పన్నెండు ఫ్రేముల ముందు. సినిమాలో సెకనుకి ఇరవై నాలుగు ఫ్రేములు కాబట్టి అర సెకను అన్నమాట.

అప్పుడు నా చేతుల మీద వెంట్రుకలు లేచాయి. ఒప్పుకుంటున్నాను. ఫోను కొత్తది, డబ్బా నేనే విప్పాను, పాత రికార్డింగులు ఉండే అవకాశం లేదు. ట్రైలర్ శబ్దంలోనే ఏ డబ్బింగ్ ఆర్టిస్టు నవ్వో కలిసిందేమోనని ట్రాకులన్నీ ఒక్కొక్కటే విడదీసి విన్నాను. లేదు.

యాదగిరి అన్నకి వినిపించాను. ఆయన కళ్ళు మూసుకుని మూడుసార్లు విన్నాడు. భయపడతాడేమో అనుకుంటే ముఖం వెలిగిపోయింది.

"ఎవలో గని మస్తు నవ్వుతున్నది చెల్లె! పన్నెండు మందిల ఒక్కరికన్న నవ్వొచ్చింది. ఆమె నవ్విన కాడికి జోకు జరుపు."

దయ్యమో మనిషో తర్వాత చూసుకుందాం, ముందు పని కానీ అన్నట్టు మాట్లాడాడు. నాకూ అదే సబబనిపించింది. సబ్బు మాటని పన్నెండు ఫ్రేములు ముందుకి జరిపి, ఇంకో పరీక్ష పెట్టాను. ఆవిడ ఇంకో పన్నెండు ముందు నవ్వింది. మళ్ళీ జరిపాను. మళ్ళీ పన్నెండు ముందే నవ్వింది. అమ్మా తల్లీ, ఇంకా జరిపితే దయ్యం తలుపు బయటే నిలబడి సబ్బడగాలి! మిగతా జనం మాత్రం ఎప్పటిలాగే బెల్లం కొట్టిన రాయిలా కూర్చున్నారు. ఐదు రోజులు మిగిలాయి. హాస్టల్‌కి వచ్చి మంచం కింద సూట్‌కేసు తుడిచాను.

శుక్రవారం పొద్దున శ్రీనగర్ కాలనీలో దర్శకుడి ఇంట్లో వాళ్ళ బంధువులకి చూపించాను. కంగారులో గ్లాసు మరిచిపోయాను. ఫోనుని పూలకుండీకి ఆనించి రికార్డు చేశాను. ఆ రికార్డింగులో ఆవిడ లేదు. ఎంత వెతికినా లేదు. చిత్రమేమిటంటే నాకు హాయిగా అనిపించలేదు, బెంగ పట్టుకుంది. రోజూ వచ్చే మనిషి రాకపోతే ఎలా ఉంటుందో అలా.

అప్పుడు తట్టింది. హాస్టల్‌కి పరిగెత్తి సంచిలోంచి గ్లాసు తీశాను. దాని మీద చుక్కలు చుక్కలుగా చెక్కిన అక్షరాలు మొదటిసారి చదివాను. "కీ.శే. సత్తెమ్మ గారి జ్ఞాపకార్థం."

విజయా ఆంటీ పచ్చడి కలుపుతోంది. "ఆంటీ, ఈ సత్తెమ్మ గారెవరు?" అన్నాను.

"సత్తెమ్మ గారా? ఎర్రమంజిల్ క్వార్టర్స్ పక్కన ఉన్నప్పుడు మాకు తెలిసినావిడ. పోయి ఏడాది దాటింది పాపం. దినాలకి వెళ్తే ఇచ్చారు. ఏంటి, సొట్ట పెట్టేశావా?"

"కాదాంటీ, ఆవిడ ఎలా నవ్వేవారు?"

ఆంటీ చెయ్యి ఆగిపోయింది. "నీకెవరు చెప్పారు? ఆవిడతో సినిమాకెళ్తే పరువు పోయేదనుకో. హాలంతా వెనక్కి తిరిగి చూసేది."

నేను ఫోన్ తీసి వినిపించాను. ఆంటీ పచ్చడి చేత్తోనే కుర్చీ పట్టుకుని కూర్చుంది. ఆ కుర్చీకి ఆ మరక చాలా రోజులు ఉండిపోయింది.

శనివారం పొద్దున ఇద్దరం ఎర్రమంజిల్ వెళ్ళాం. సత్తెమ్మ గారి భర్త లక్ష్మయ్య సార్ ప్రభుత్వ ఆఫీసులో సూపరింటెండెంటు, ఇంకా ఏడాది సర్వీసుంది. మాకు మంచినీళ్ళిచ్చారు. ఆ గ్లాసు మీదా ఆవిడ పేరే. ఎలా మొదలుపెట్టాలో నాకు తెలియలేదు. భార్య పోయిన మనిషి దగ్గరికి వెళ్ళి, మీ ఆవిడ నా ట్రైలర్‌కి నవ్వుతోందండీ అని ఎలా చెబుతాం? చెప్పకుండా రికార్డింగు పెట్టేశాను.

నవ్వు వచ్చింది, ఎక్కిళ్ళు వచ్చాయి, చివరి చిన్న నవ్వూ వచ్చింది. ఆయన ఏడుస్తారనుకున్నాను. ఆయనకి కోపం వచ్చింది.

"గిదే! గిదే నా పంచాయితీ ఆమెతోని!" అన్నారు తొడ మీద కొట్టుకుని. "జోకు పడకముందే నవ్వుతది. ముప్పై ఏండ్లు సినిమాలు చూసినం బిడ్డా, ఒక్క డైలాగు పూర్తిగ ఇననియ్యలే. ఏందే, ఇంక ఏం కాలే గదా, ఎందుకు నవ్వుతున్నవ్ అంటే, కాబోతున్నది గదా, నాకు తెలుస్తది అంటుండె."

అంతలోనే, "ఇంకోసారి పెట్టు బిడ్డా" అన్నారు. పెట్టాను. నాలుగుసార్లు పెట్టించుకున్నారు. నాలుగోసారి ఆయన కళ్ళు తడిగా ఉన్నాయి, పెదవులు మాత్రం నవ్వుతున్నాయి.

"గ్లాసు మీరే ఉంచుకోండి సార్" అన్నాను.

"నా తాన డజను గ్లాసులున్నయి బిడ్డా. దినాం వాటితోనే నీళ్ళు తాగుత. ఒక్కటన్న కిక్కురుమనలే. నాతోని ఉంటే ఆమెకు నవ్వెక్కడిది, ఊకో ఊకో అంటుంటి గద. నీ తాననే ఉండనియ్యి."

వచ్చేస్తుంటే గుమ్మం దాకా వచ్చి ఇంకో మాట అన్నారు. ఆ మాటతోనే నా పని నిలబడింది. "ఒకటి మాత్రం నిజం. ఆమె ముందుగాల నవ్వేది చూసి హాలంత చెవులు నిక్కపొడుచుకుంటుండె, ఏమొస్తదో ఏమో అని. జోకు పడంగనే అందరు ఒక్కసారి నవ్వుతుండె. ఆమె లేని ఆట సప్పగుంటుండె."

దారి పొడుగునా అదే ఆలోచన. షేర్ ఆటోలో నలుగురి మధ్య ఇరుక్కుని ఉండగా బుర్రలో దీపం వెలిగింది. ఇన్నాళ్ళూ నేను జోకుని ఆవిడ నవ్వు మీదకి తోస్తున్నాను. ఆవిడ నవ్వింది జోకుకి కాదు, జోకు రాబోతున్నందుకు. జనానికి ఆ రాబోయే ముక్కే అందడం లేదు. చెయ్యి లేవగానే ఢామ్మని సంగీతం, దాని నెత్తినే సబ్బు మాట. పాపం వాళ్ళెప్పుడు ఊపిరి పీల్చుకుంటారు?

ఆ మధ్యాహ్నం ఆ చోట అన్ని శబ్దాలూ తీసేశాను. చెయ్యి లేస్తుంది, పీచు కనబడుతుంది. సంగీతం లేదు, అరుపు లేదు. కుళాయి నుంచి ఒక్క బొట్టు. పన్నెండు ఫ్రేముల నిశ్శబ్దం. అప్పుడు, "సబ్బెక్కడ పెట్టార్రా?" అంతే. యాదగిరి అన్న చూస్తూ తాగుతున్న చాయ్ కీబోర్డు మీద ఉమ్మేశాడు. "గదీ!" అన్నాడు, తుడుస్తూ కూడా నవ్వుతూనే ఉన్నాడు.

ట్రైలర్ అయిందని ఫోన్ చేస్తే నాన్న సోమవారం పొద్దున రైలుకి వచ్చారు. నిర్మాతకి ట్రైలర్ ఇవ్వాల్సింది ఆ సాయంత్రమే. లేడీస్ హాస్టల్లో మగవాళ్ళకి ముందు గది వరకే అనుమతి. రెండు ప్లాస్టిక్ కుర్చీలు, ఒక బల్ల, భోజనాల గదికి కట్టిన పూల కర్టెన్, అంతే ఆ గది. పదకొండు గంటలు కావడంతో అమ్మాయిలందరూ క్లాసులకి వెళ్ళిపోయారు. ఆంటీ కూరగాయలకి వెళ్ళింది. నేను సూట్‌కేసు సర్ది గది మూలన పెట్టాను. ట్రైలర్ మీద నమ్మకం లేక కాదు, నాన్న మీద నమ్మకం ఉండి.

లాప్‌టాప్ తెరిచాను. అలవాటు ప్రకారం ఫోనుని సత్తెమ్మ గారి గ్లాసులో నిలబెట్టాను. నాన్న కళ్ళజోడు తుడుచుకుని, పరీక్ష పేపరు దిద్దేటప్పుడు కూర్చున్నట్టు కూర్చున్నారు. మొదటి నిమిషం ఆయన ముఖంలో చలనం లేదు. తణుకు, బీఈడీ కాలేజీ, మా వీధి, అన్నీ కళ్ళ ముందు తిరిగాయి. తెర మీద వంటిల్లు వచ్చింది. చెయ్యి లేచింది. బొట్టు పడింది.

నాన్న ఒక్కసారి తల పక్కకి తిప్పారు, కర్టెన్ వైపు. సబ్బు మాట వచ్చింది. మా నాన్న నవ్వారు. ముందు ముక్కుతో, తర్వాత భుజాలతో, తర్వాత నోరు తెరిచి. కళ్ళజోడు జారి ఒళ్ళో పడింది. ఆయన పైపళ్ళలో ఒకటి వంకరగా ఉంటుందని ఇరవై మూడేళ్ళలో నాకు తెలియదు. నాకు నవ్వాలో ఏడవాలో తెలియక రెండూ చేశాను.

కళ్ళు తుడుచుకుని ఆయన అడిగిన మొదటి మాట ఇది. "లోపల ఎవరమ్మా? ఆవిడ ముందు నవ్వింది చూడు, దాంతో నాకూ ఆగలేదు."

నేను లేచి కర్టెన్ తీశాను. భోజనాల గది ఖాళీ. వెనక తలుపుకి లోపలి నుంచి గడియ వేసే ఉంది. అన్ని పరీక్షల్లో, అంత మందిలో, ఆ నవ్వుని గదిలో ఉండి చెవులారా విన్న మనిషి మా నాన్న ఒక్కరే. నాకు ఆ రోజు కూడా వినబడలేదు.

రికార్డింగు పెట్టాను. ముందు ఆవిడ, అర సెకను తర్వాత నాన్న. చివరి ఎక్కిళ్ళ దగ్గర ఇద్దరి నవ్వూ కలిసిపోయింది. అప్పుడు జరిగినదంతా చెప్పాను. ఆయన గ్లాసు చేతిలోకి తీసుకుని, తిరగేసి, స్పూనుతో కొట్టి, సగం నీళ్ళు పోసి కొట్టి, అందులో ఫోను పెట్టి మూడుసార్లు మళ్ళీ రికార్డు చేశారు. ఇక ఏమీ రాలేదు. "స్టీలు గ్లాసు ఉన్న ధ్వనిని పెంచుతుంది. లేనిదాన్ని ఎలా పుట్టిస్తుంది?" అని తనలో తనే అనుకున్నారు. తర్వాత మూలన ఉన్న సూట్‌కేసు చూశారు.

"సర్దేశావా?"

"సర్దేశాను నాన్నా."

"విప్పెయ్."

ఆయన ముందే ఆ బట్టలన్నీ తీసి కుర్చీల మీద పారేశాను. అంత సంతోషం మళ్ళీ ఎప్పుడు పడ్డానో చెప్పలేను. వెళ్ళేటప్పుడు నాన్న ఆ గ్లాసు అడిగి తీసుకున్నారు. స్కూలు ల్యాబులో చిన్న ప్రయోగం చేసి పంపిస్తానన్నారు.

ట్రైలర్‌కి జనం నవ్వారు. సినిమా చూసి లక్ష్మయ్య సార్ ఫోన్ చేశారు. "డైలాగులన్ని మంచిగ ఇనబడ్డయి బిడ్డా. మజానే రాలే" అన్నారు. నేనిచ్చిన రికార్డింగు ఆయన ఫోనులో ఉంది, పొద్దున్నే ఒకసారి వింటారట. ఆ తర్వాత నేను చాలా దయ్యాల్ని కోశాను. ప్రతి జోకు ముందూ పన్నెండు ఫ్రేములు ఖాళీ వదులుతాను. అది నా స్టైలని కొత్త కుర్రాళ్ళు అంటుంటే వింటూ ఊరుకుంటాను.

ఆ నవ్వు ఎక్కడి నుంచి వచ్చిందో నాకు తెలియదు. ఫోను తప్పంటారా, గ్లాసు మహిమంటారా, మా అందరి చెవుల దోషమంటారా, మీ ఇష్టం. నాకు ఏ సమాధానమూ సరిపోలేదు. నాన్నని అడిగితే ప్రయోగం ఇంకా అవ్వలేదంటారు. గ్లాసు ఈ రోజుకీ తిరిగి రాలేదు. అది టీవీ పక్కన ఉంటుందట.

అసలు సంగతి పోయిన వారం అమ్మ ఫోన్లో చెప్పింది. "మీ నాన్నకి ఏం వచ్చిందే? ఈ మధ్య టీవీ ముందు కూర్చుని, జోకు రాకముందే నవ్వేస్తున్నారు. నన్ను ఒక్క డైలాగూ విననివ్వట్లేదు."